ఒమేగా వచ్చేలోపు

దుబాయ్‌లో నర్సుగా కొత్తగా చేరిన ఆ రోజుల్లో నాకు రెండే కోరికలుండేవి. ఒకటి నిద్ర, రెండోది ఇంకాస్త నిద్ర. పెళ్ళీడు పిల్లకి ఇంత చిన్న కోరికలేమిటని మీరు జాలిపడతారేమో గానీ, కరోనా కాలంలో ఆసుపత్రి డ్యూటీ చేసినవాళ్ళెవరైనా ఇది చదువుతుంటే నన్ను తప్పుపట్టరు. కరామాలో ఒక పాత బిల్డింగులో, ఒకే గదిలో నలుగురం ఆడవాళ్ళం మంచాలు అద్దెకి తీసుకుని ఉండేవాళ్ళం. (బెడ్ స్పేస్ అంటారు దాన్ని. మంచం మనది, మంచం మీద గాలి మాత్రం అందరిదీ.) ముగ్గురం నర్సులం, నాలుగో ఆవిడ పిన్ని. నిజానికి మాలో ఎవరికీ పిన్ని కాదు. కోనసీమ నుంచి వచ్చి, ఒక అరబ్బుల ఇంట్లో వంటా, శుభ్రం చేసే పని ఏళ్ళ తరబడి చేస్తోంది. మా గదిలో శుక్రవారం (అక్కడ అప్పట్లో సెలవు ఆ రోజే) ప్రార్థన నడిపించడం, చేపల పులుసు పెట్టడం, మాకొచ్చే పెళ్ళిసంబంధాల్లో వంకలు వెతకడం, అన్నీ ఆవిడ డిపార్ట్‌మెంట్లే.

అప్పట్లో ఆ రోగం కొత్త వేషం వేసుకుని వచ్చినప్పుడల్లా దానికి ఒక గ్రీకు అక్షరం పేరు పెట్టేవారు, మీకు గుర్తుండే ఉంటుంది. డెల్టా మమ్మల్ని పిండి ఆరేసి వెళ్ళింది, హమ్మయ్య అనుకునేలోపు ఒమిక్రాన్ అన్నారు. ఒక పొద్దున్న పిన్ని పప్పు కలుపుతూ, ఈ పేర్లు ఏ భాషవే అని అడిగింది. నా నోరు ఊరుకుంటుందా? ఇంటర్ లెక్కల్లో బట్టీపట్టిన పుణ్యాన అల్ఫా, బీటా, గామా అని మొదలుపెట్టి ఒక్క గుక్కలో ఒమేగా దాకా అప్పజెప్పేశాను. ఒమిక్రాన్ దగ్గర ఆగి ఉంటే ఈ కథే లేదు. పిన్ని చేతిలో గరిటె ఆగిపోయింది. వాళ్ళ ఊరి చర్చిలో బల్ల మీద పరిచే గుడ్డకి అల్ఫా, ఒమేగా అని ఎర్రదారంతో కుట్టి ఉంటుందట. మొదలూ దేవుడే, చివరా దేవుడే అని దానర్థం. అల్ఫా వచ్చి వెళ్ళింది, డెల్టా వెళ్ళింది, ఇప్పుడు ఒమిక్రాన్ వచ్చింది. ఒమిక్రాన్‌దీ ఒమేగాదీ ఇంటిపేరు ఒకటే అయినప్పుడు రెండోది ఎంతో దూరంలో ఉండదని పిన్ని తేల్చేసింది. గరిటె పక్కన పెట్టి, ప్రశాంతంగా, "ఇంకేటుందే, రాకడ వచ్చేత్తంది" అంది. (ప్రభువు మళ్ళీ రావడాన్ని మా వాళ్ళు రాకడ అంటారు. అది వస్తే ఈ లోకం ఖలాస్.) నేను పడీపడీ నవ్వాను. మంచాల మీద పడుకున్న మిగతా ఇద్దరూ దుప్పట్లో నవ్వారు.

సాయంత్రానికి ఆ నవ్వు కాస్తా ఎగిరిపోయింది. పిన్ని వీసా గడువు దగ్గరపడింది, మళ్ళీ కొట్టించాలా వద్దా చెప్పమని వాళ్ళ మేడమ్ అడుగుతోంది. రాకడ ముంగిట్లో ఉండగా వీసా ఎందుకు, ఇంటికెళ్ళి కూతురి పక్కన కూర్చుని ప్రార్థన చేసుకుంటానని పిన్ని నిర్ణయించేసింది. ఆ కూతురు రాజమండ్రిలో నర్సింగ్ చదువుతోంది, ఇంకా రెండేళ్ళుంది. తండ్రి లేడు. ఆ చదువు నడిచేది పిన్ని రెక్కల మీదే. పిన్ని పెట్టె సర్దుకుంటే ఆ పిల్ల చదువు అక్కడితో సరి. నేను వాగిన అక్షరాల వల్ల ఒక నర్సు తయారవకుండా పోతుందేమోనని నాకు భయం పట్టుకుంది. మా ఊరి పాస్టరు గారికి ఫోన్ కలిపి ఇచ్చాను. ఆ దినము ఎవరికీ తెలియదమ్మా అని ఆయన ఓపిగ్గా చెప్పారు. దినం తెలియకపోతే ఏమండీ, అక్షరం తెలిసిపోయింది కదండీ అని పిన్ని అంతకంటే ఓపిగ్గా జవాబు చెప్పింది. పోనీ మేడమ్ అయినా కాదంటుందేమో అనుకున్నాను. పిన్ని సంగతి చెబితే ఆవిడ నవ్వలేదు సరికదా, లోకం ముగిసే ఖయామత్ మాకూ ఉంది, అది ఎప్పుడన్నది అల్లాకే తెలుసు, కానీ అందాకా మా ఇంట్లో వంట ఎవరు చేస్తారని మాత్రం అడిగిందట. మా మేడమ్‌కి దైవభయం ఎక్కువే అని పిన్ని మురిసిపోయింది. శనివారం కల్లా జవాబు చెప్పాలి.

అప్పుడు నా వార్డులో ఒక లెబనాన్ పెద్దాయన ఉండేవాడు. షార్జాలో అరబ్బీ పాఠాలు చెప్పి రిటైరయ్యాడని మేమంతా ఉస్తాద్ అనేవాళ్ళం. జ్వరం తగ్గింది గానీ ఊపిరితిత్తులు ఇంకా దారికి రాలేదు. నేను బీపీ చూసేటప్పుడు ఆయన నాకు అలిఫ్, బా అంటూ అరబ్బీ అక్షరాలు నేర్పించేవాడు, నేను నిలబడే కునికేదాన్ని. ఆ రోజు కునుకు రాకుండా పిన్ని కథ చెప్పాను. ఆయన నవ్వి నవ్వి దగ్గు తెచ్చుకున్నాడు, ఆక్సిజన్ పడిపోయి మానిటర్ మోగింది, ఇన్‌ఛార్జి సిస్టర్ పరిగెత్తుకొచ్చి నాకు చీవాట్లు పెట్టింది. (పేషెంటుని నవ్వించిన నేరానికి తిట్లు తిన్న నర్సు ఆ అంతస్తులో నేనొక్కదాన్నే.) దగ్గు సర్దుకున్నాక ఆయన వచ్చీరాని ఇంగ్లీషులో, మధ్యమధ్య అరబ్బీ కలుపుతూ అసలు సంగతి చెప్పాడు. ఆ అక్షరాలు గ్రీకులు సొంతంగా పుట్టించుకున్నవి కావట. ఆయన పుట్టిన సముద్రతీరంలో పాతకాలపు వర్తకులు ఓడల మీద సరుకుతో పాటు మోసుకెళ్ళి వాళ్ళకి అంటించినవట. అలిఫ్ వాళ్ళ నోట్లో అల్ఫా అయింది, బా బీటా అయింది, దాల్ డెల్టా అయింది. అయితే ఆ వర్తకుల అక్షరాలు 'త' దగ్గర అయిపోయేవి, దాన్ని నిలువుగీత మీద అడ్డగీత వేసి రాసేవారని ఆయన దుప్పటి మీద వేలితో గీశాడు. సిలువ అన్నాను నేను. ఆయన నవ్వబోయి, మానిటర్ వైపు చూసి ఆగిపోయాడు. గ్రీకులు మాత్రం అక్కడ ఆగలేదట, తమ నోటికి కావలసిన శబ్దాలు చాలక ఆ చివరి అక్షరం తర్వాత ఇంకొన్ని చేర్చుకున్నారు. అలా అన్నిటికంటే వెనకొచ్చింది ఒమేగా. ఒమిక్రాన్ అంటే పొట్టి ఒ, ఒమేగా అంటే పొడుగు ఓ. ఈ తేడా తనకి పలకడం రాక ఆయన అవస్థపడుతుంటే, మా తెలుగులోనూ ఒ, ఓ ఉన్నాయని చెప్పి పలికి చూపించాను. మీరూ గ్రీకులూ ఎక్కడో కలిసే ఉంటారు బిన్తీ అన్నాడు. బిన్తీ అంటే కూతురా అని.

శుక్రవారం ప్రార్థన అయ్యాక, ఆ విద్యంతా మూటగట్టుకుని పిన్ని ముందు కూర్చున్నాను. వర్తకుల దాకా బాగానే విన్నది. సిలువ ఆకారం చెప్పగానే, చూశావా, చివర సిలువే ఉందని నా మీదకే తిప్పికొట్టింది. నేను వదల్లేదు. దాని తర్వాత కూడా గ్రీకులు రాస్తూనే పోయారు పిన్నీ, చివర అనుకున్నది చివర కాలేదు, అంతెందుకు, మన పలక మీద ఓ తర్వాత ఏముంది అని అడిగాను. పిన్ని పైకి చూస్తూ పెదాలు కదిలించింది. ఔ, అం, అః. ఆ తర్వాత క దగ్గర్నుంచి గుణింతాలూ, ఒత్తులూ, అసలు చాకిరీ అంతా అక్కడే మొదలు. పిన్ని ముఖం వాడిపోయింది.

"అయితే ఇంకా ఉందేంటే?" అంది.

గెలిచానని నాకు ఒళ్ళు పొంగింది. ఉంది పిన్నీ, బోలెడుందని ఉత్సాహంగా చెప్పాను. ఆవిడ మోకాళ్ళు రెండూ చేతుల్తో నొక్కుకుంది. ఆ తర్వాత నా వైపు చూడకుండా అంది, "దేవుడొత్తన్నాడు, ఎల్లిపోతానంటే ఎవరూ కాదనరే. అలిసిపోయాను, ఎల్లిపోతానంటే ఎవరు ఒప్పుకుంటారు?"

నాకు ఏడుపొచ్చింది. ఆ మాట కూతురితో అనమని ఫోన్ తీసి నేనే కలిపాను. పిన్ని చాలాసేపు ఆ కబురూ ఈ కబురూ చెప్పి, తిన్నావా, తల దువ్వుకున్నావా అని అడిగి, చివరికి గొంతు తగ్గించి, అలిసిపోయానే అంది. అవతల ఆ పిల్ల ఒక్క క్షణం కూడా ఆలోచించలేదు. వచ్చెయ్యమ్మా అంది. చదువో మరి అని పిన్ని అడిగితే, చదువు ఎక్కడికి పోతుంది, నువ్వు వచ్చెయ్, తర్వాత చూసుకుందాం అంది. పిన్ని ఫోన్ పెట్టేసి కొంగుతో కళ్ళు తుడుచుకుని, బియ్యం కడగడానికి లేచింది. టికెట్ ఎప్పటికి చూడమంటావని అడిగాను.

"టికెట్ ఎందుకే? రమ్మంది కదా, సాలు. రేపు మేడమ్‌కి సరేనని సెప్పేత్తాను."

అన్నట్టే రెండేళ్ళ వీసా కొట్టించుకుంది. వెళ్ళనిస్తారని తెలిశాక వెళ్ళకుండా ఉండిపోయిన ఆవిడని చూసి, పిన్నికి కొంచెం తిక్క ఉందని మేము ముగ్గురం చెవులు కొరుక్కున్నాం. కూతురికి ఉద్యోగం వచ్చాకే ఇంటికెళ్ళింది. వెళ్ళేటప్పుడు రాకడ ఊసే ఎత్తలేదు.

నేనిప్పుడు షార్జా అల్ నహ్దాలో కాపురం ఉంటున్నాను. మొన్న డ్యూటీకి బయల్దేరుతూ వాచిన కాళ్ళు బూట్లలోకి దూర్చలేక, నా వల్ల కావట్లేదండీ అని మా ఆయనతో అనేశాను. ఆయన చొక్కా ఇస్త్రీ చేసుకుంటూ, మానెయ్ రాదూ, ఎలాగోలా నెట్టుకొద్దాం అన్నాడు. ఏమైందో ఏమో, ఆ మాట విన్నాక కాళ్ళు బూట్లలోకి దూరాయి. మెట్లు దిగి బస్సెక్కానో లేదో ఫోన్ చేశాడు. ఇందాక అన్నది నిజమేనా, నిజంగానే మానేస్తున్నావా అని అడిగాడు, గొంతులో కంగారు దాచుకోవడం ఆయనకి చేతకాదు పాపం. లేదులెండి, ఊరికే అన్నానని చెప్పాను. ఆ కంగారుకి దారంతా నవ్వుకున్నాను గానీ, ముందు ఆయన మానెయ్ అన్న మాటని మాత్రం వెనక్కి ఇవ్వలేదు.