విచారణకు సున్నం కొట్టిన ఇల్లు

పోయిన నెల మా చెల్లెలు చనిపోయింది. శనగ చేనులో కూలి పని చేస్తూ కుప్పకూలిందట. జమ్మలమడుగు ఆసుపత్రికి చేరకముందే ఊపిరి ఆగిపోయింది. ఫోన్ వచ్చినప్పుడు నేను స్త్రీల ప్రార్థన కూడికలో ఉన్నాను. పాట మధ్యలో లేచి వచ్చేశాను.

ఆమె కూలికి పోవలసిన మనిషి కాదు. భర్త ఒక ప్రభుత్వ కార్యాలయంలో అటెండరు. ఉద్యోగంలో ఉండగానే గుండెపోటుతో పోయాడు. అలా పోయినవారి ఇంట్లో ఒకరికి ఉద్యోగం ఇస్తారు. దానికి కారుణ్య నియామకం అని పేరు. మా చెల్లెలు పది పాసైంది. అర్జీ పెట్టింది. కూతురిని డిగ్రీ చదివించాలన్నదొక్కటే ఆమె కోరిక.

కుటుంబం నిజంగా ఇబ్బందుల్లో ఉందో లేదో చూడడానికి ఒక అధికారి ఇంటికి వస్తాడని కబురొచ్చింది. మా చెల్లెలు ఏం చేసిందో మీకు చెప్పాలి. ఇంటికి సున్నం కొట్టింది. పక్కింటి సాయిబుల పెద్దామెను మేమంతా ఖాలా అంటాం. ఆమెనడిగి కుర్చీలు, టేబుల్ ఫ్యాను తెచ్చి వేసింది. పెట్టెలోంచి మంచి చీర తీసి కట్టుకుంది.

"ఏమ్మే, పెండ్లిచూపులకు వస్తాండారా?" అని ఖాలా ఎగతాళి చేసింది.

"వచ్చేది పెద్ద సారు ఖాలా. కింద కూచోబెడితే బాగుంటాదా?" అంది మా చెల్లెలు.

అదీ ఆమె గుణం. మంచినీళ్లయినా వట్టిగా ఇచ్చేది కాదు, పక్కన ఒక బెల్లంముక్క పెట్టేది. సాయంత్రం ప్రార్థనకు కూర్చున్నా వాకిలి మూసేది కాదు. వచ్చినవాళ్లు తలుపు తడుతూ నిలబడకూడదనేది.

ఆ సారు కుర్చీలో కూర్చుని, ఫ్యాను గాలికి చెమట ఆరబెట్టుకుని, ఆమె చేసి పెట్టిన బొరుగుల ఉగ్గాని, బజ్జీలు తిన్నాడు. కుటుంబం బాగానే ఉందని రాసుకుని పోయాడు.

ఆ రాత మార్పించడానికి ఆమె కడపలోని కార్యాలయం చుట్టూ ఏళ్ల తరబడి తిరిగింది. ఒకసారి గుమాస్తా అడిగాడట, "ఏమ్మా, కష్టాల్లో ఉండేటోళ్లు ఇంత నీటుగా ఉంటారా?" అని.

"చినిగిన చీర కట్టుకోవాలని ముందే చెప్పింటే కట్టుకొని వచ్చేదాన్ని గదా సార్" అందట.

నాకు చెప్పి నవ్వింది. నాకు నవ్వు రాలేదు. ఓపిక పట్టు, ప్రార్థన చేద్దాం అన్నాను.

"దేవుడు చూస్తానే ఉండాడక్కా. సంతకం పెట్టాల్సింది ఆయన కాదు గదా" అంది.

నేను ఇంట్లో పెద్దదాన్ని. గొంతు పెంచి ఎరగను. ఇప్పుడు మోకాళ్ల మీద కూర్చుంటే ప్రార్థన రావడం లేదు, కోపం వస్తోంది. దయ చూపే ముందు మనిషిని దిగజారి కనబడమనేది ఏం దయ? ఇంటికొచ్చినవాడికి ఒక పూట మర్యాద చేసినందుకు ఆమెను ఎండలోకి తోశారు. క్షమించమని వాక్యం చెబుతుంది. ఎవరిని క్షమించాలో నాకు తెలియదు. పోయిన ప్రతిసారీ ఆ సీట్లో వేరే మనిషి.

మట్టి చేసిన తర్వాత, ఆ ఉద్యోగం పిల్లకైనా ఇమ్మని అడగడానికి, ఆమె కూతురిని వెంటబెట్టుకుని నేనే కడప కార్యాలయానికి పోయాను. కొత్త గుమాస్తా ఫైలు తిరగేశాడు. మనిషి చెడ్డవాడు కాదు. గొంతు తగ్గించి చెప్పాడు.

"మీ అమ్మ డెత్ సర్టిఫికెట్ కూడా పెట్టు పాపా. తల్లీ తండ్రీ ఇద్దరూ లేరంటే కేసుకు బలమొస్తాది. ఈసారి అయిపోతాది."

పిల్ల తల ఊపింది.

"ఆమె బతికుండంగా బలం చాలలేదా నాయనా?" అన్నాను.

అతను ఫైలుకు తాడు కట్టి పక్క దొంతరలో పెట్టాడు.

తిరుగు బస్సులో పిల్ల కిటికీ పక్కన కూర్చుంది. దారి పొడవునా శనగ చేలు. ఆడవాళ్లు తలకు తువ్వాళ్లు చుట్టుకుని, వంగి చెట్లు పీకుతున్నారు. ముఖాలు కనబడవు. చేను వచ్చిన ప్రతిసారీ పిల్ల కిటికీ కమ్మీకి నుదురు ఆనించి, అది వెనక్కి పోయేదాకా చూస్తూనే ఉంది.