హద్దురాయి అవతలి పెద్దమ్మ

తొంభైల మొదట్లో నేను దోహాలో ఒక కాంట్రాక్టు కంపెనీలో డ్రాఫ్ట్స్‌మన్‌గా పనిచేసేవాణ్ణి. అల్ దోహా అల్ జదీదాలో కంపెనీ ఇచ్చిన గదిలో నాతో ఉండే మనిషి నైజీరియా నుంచి వచ్చిన సర్వేయరు, యోరుబా తెగ ఆయన. వయసులో నాకంటే బాగా పెద్ద. రెండు చెంపల మీదా తెగ గుర్తుగా పసితనంలో పెట్టిన గాట్లుండేవి. ఇండస్ట్రియల్ ఏరియాలో ఆయన కొలిచి తెచ్చిన నేలని నేను కాగితం మీద గీసేవాణ్ణి. ఒకరినొకరం బ్రదర్ అనుకునేవాళ్లం.

ఆయనకి ఊరి కబుర్లంటే ప్రాణం. వాళ్ల ఊరు సరిగ్గా నైజీరియాకీ పక్క దేశానికీ హద్దు మీదుంది. తెల్లవాళ్లు రాకముందు అదంతా ఒకటే రాజ్యం. తర్వాత మధ్యలో గీత గీసి ఇటు ఇంగ్లీషువాళ్లు, అటు ఫ్రెంచివాళ్లు పంచుకున్నారు. రాజుగారి కోట అటు పడింది, వీళ్ల ఇల్లు ఇటు. వాళ్లమ్మ పిల్లలు ఇంగ్లీషులో చదువుకుంటే, గీత అవతలున్న పెద్దమ్మ పిల్లలు ఫ్రెంచిలో చదువుకున్నారు.

"మేం ఆ గీతని పట్టించుకోలేదు" అనేవాడు. "మా నాన్న నమాజుకి వెళ్లేవాడు, అమ్మ చర్చికి. గెలెడే జాతరకి మాత్రం ఇద్దరూ కలిసే వెళ్లేవాళ్లు."

గెలెడే అంటే ముసలమ్మల మెప్పు కోసం చేసే ఆట. వాళ్ల దీవెనకీ కోపానికీ ఊరంతా భయపడుతుందట. మగవాళ్లు ఆడవేషం కట్టి, తల మీద రంగులేసిన చెక్కముఖం పెట్టుకుని సంతలో ఆడతారు. అంతకుముందు రాత్రి పాటలుంటాయి. తప్పు చేసినవాణ్ణి ఆ పాటల్లో ఏకి పారేస్తారు. ఎంత గొప్పవాడైనా కోపం తెచ్చుకోకూడదు.

గోదావరి జిల్లావాణ్ణి, చెరువుగట్టు తగాదాలు బాగా తెలిసినవాణ్ణి, నాకు ఈ పద్ధతి భలే నచ్చింది. హుషారుగా ఇంకా ఇంకా అడిగేవాణ్ణి. ఒకరోజు మాటల్లో అసలు సంగతి బయటపడింది.

ఆయన సర్కారు కొలువులో ఉండగా, పాత హద్దురాళ్లు పోయినచోట కొత్తవి నాటే పని పడింది. కొలత ప్రకారం ఒక రాయి సరిగ్గా పెద్దమ్మ ఇంటికీ, ఆమె మిరపతోటకీ నడుమ పడింది. ఆమె వాకిట్లో నిలబడి చూస్తోంది. పక్కన రెండు దేశాల అధికార్లూ ఉన్నారు.

"మాలో పెద్దవాళ్లు ఎదురైతే మగవాడు నేల మీద బోర్లా పడి దణ్ణం పెట్టాలి, బ్రదర్. నేను పెట్టలేదు. సొంత మనిషని తెలిస్తే నా కొలతని అనుమానిస్తారేమో అనిపించింది. మూడుకాళ్ల సర్వే యంత్రానికి అడ్డంగా ఉంది, తప్పుకోమని చేత్తో సైగ చేశాను."

ఆ రాయి దగ్గర తర్వాత సిపాయిలు కూర్చున్నారు. ఆమె సొంత తోటలోంచి తెచ్చుకునే బుట్టలోంచే వాళ్లు గుప్పెడు మిరపకాయలు తీసుకునేవాళ్లు. రాయి నాటింది తన చెల్లెలి కొడుకేనని పెద్దమ్మ ఎవరికీ చెప్పలేదట. అందుకే ఆయనకి ఇంటికి వెళ్లాలంటే మొహం చెల్లేది కాదు.

ఒక శుక్రవారం వాళ్ల తమ్ముడు ఎవరిచేతో క్యాసెట్టు పంపాడు. మధ్యాహ్నం నేను ప్రార్థన నుంచి వచ్చేసరికి ఆయన వంట చేస్తున్నాడు. నేనే టేపురికార్డరులో పెట్టాను. డప్పులు, ఒక గొంతు పాట, జనం పగలబడి నవ్వడం. ఆ నవ్వు అంటుకుని నేనూ నవ్వాను.

ఆయన స్టవ్ ఆపేశాడు.

"ఏం పాడుతున్నారు బ్రదర్?"

"అద్దంలోంచి ఆమడ దూరం చూస్తాడు, ఎదురుగా ఉన్న తల్లి కనపడదు. వాడి యంత్రానికి మూడు కాళ్లు, వాడి మోకాళ్లకి వంపు లేదు." ఆగి అన్నాడు, "నా గురించే."

పాట అయ్యాక తమ్ముడి గొంతు వచ్చింది. సిపాయిలు ఆ ఏడాది దారి మొత్తం మూసేశారట. రాయి నాటింది ఎవరని ఊరు అడిగితే, అప్పుడు పెద్దమ్మ చెప్పిందట, అందుకే గెలెడేలో ఈ పాట కట్టారట. ఆ తర్వాత ఆమె గొంతే వినిపించింది. రాయి ఊసు లేదు. చిన్నప్పుడు ఆయనకి నీళ్లు పోస్తూ రోజూ చదివే వంశం పొగడ్త, తాతముత్తాతల పేర్లతో, అక్షరం వదలకుండా చదివింది.

ఆయన టేపురికార్డరు ముందు నేల మీద బోర్లా పడుకున్నాడు. చోటు చాలక, నేను మంచం మీద కాళ్లు పైకి పెట్టుకున్నాను. ఆయన లేచాక, "నవ్వినందుకు ఏమీ అనుకోకండి" అన్నాను.

"నవ్వాలి. నవ్వడానికే పాడేది."

మర్నాడు ఆఫీసులో లేబర్ క్యాంప్ ప్రహరీ గీస్తుంటే చెయ్యి ఆగింది. నేను గీసే గోడలు ఎవరి దారికి అడ్డం పడుతున్నాయో ఒక్కసారి కూడా కనుక్కోలేదు. గీయడం మానలేదు, మానితే ఉద్యోగం ఉండదు. కానీ అప్పట్నుంచి ఆ పని తేలిగ్గా సాగలేదు.

ఆయన సెలవు పెట్టి ఊరికి వెళ్లొచ్చాడు. వచ్చినరోజే అడిగాను, "పెద్దమ్మ ఏమంది?"

"వాకిట్లో పడి దణ్ణం పెట్టాను. లేవమనలేదు. నన్నలా ఉంచి, మిరపకాయలు ఎండబోసుకుంది. అప్పుడు లేవమని, పెండలం దంచి ముద్ద పెట్టింది."

"అయితే క్షమించినట్టే కదా?"

"తిండి పెట్టింది. దారి మళ్లీ తెరిచారు కానీ రాయి అక్కడే ఉంది కదా. మర్నాడు ఆమె బుట్ట నా నెత్తిన పెట్టుకుని తోట నుంచి వస్తుంటే సిపాయి ఆపాడు. నా కాగితాలు అడిగాడు. నువ్వెవరన్నాడు. నేను నోరు తెరిచేలోపే, 'వీడు నా కొడుకు' అంది పెద్దమ్మ."

ఆయన పెట్టె మూసి మంచం కిందకి తోశాడు.

"రాయి నాటిన రోజు ఆ మాట నేను అనాల్సింది, బ్రదర్" అన్నాడు.

నేను టీ పెట్టడానికి లేచాను.