లింగన్న చెప్పిన మంగోలియా సినిమాలు

నిన్న పొద్దున డ్యూటీ బస్సులో ఉండగా ఫోన్ వచ్చింది. "లింగన్న లేస్తలేడు భాయ్" అన్నాడు ఆయన రూమ్‌మేట్.

జ్వరమేమో అనుకున్నాను.

నిద్రలోనే పోయాడు. హార్ట్ ఎటాక్ అన్నారు. ఇప్పటికీ నమ్మబుద్ధి కావడం లేదు.

మాది రాజోలు. ఆయనది జగిత్యాల దగ్గర పల్లె. అబుదాబి దగ్గర రువైస్ లేబర్ క్యాంపులో మావి పక్కపక్క రూములు. ఇక్కడికి పరంజాలు కట్టే స్కాఫోల్డింగ్ పనికి రాకముందు ఆయన మంగోలియాలో పనిచేశాడు. ఆ చలిదేశంలో ఆయనకు అంటుకున్న పిచ్చి ఒక్కటే, వాళ్ల సినిమాలు. మన హీరోల సినిమా పెడితే గురక పెట్టేవాడు.

సెలవు రోజున మెస్ హాల్లో ల్యాప్‌టాప్‌ని టీవీకి కలిపి, పక్కనే నిలబడి, ఒక్కో డైలాగూ మాకు తెలుగులో చెప్పేవాడు. మగ గొంతూ ఆయనదే, ఆడ గొంతూ ఆయనదే.

మొదటిసారి వాట్సాప్ గ్రూపులో "పెద్దలకు మాత్రమే" అని పెట్టాడు. ఇంక చూడండి! ఎన్నడూ రానివాళ్లు కూడా స్నానాలు చేసి, సెంటు కొట్టుకుని ముందు వరసలో కూర్చున్నారు. ఒకడైతే లేచి కర్టెన్లు కూడా మూశాడు.

తీరా చూస్తే ఏముంది?

మంచు. ఒక గుడారం. నడివయసు మొగుడూ పెళ్లాం ఒకే పరుపు మీద చెరో వైపు తిరిగి పడుకున్నారు. ఎంతసేపటికీ అంతే.

"ఏందన్నా గిది, ఖలాస్ చెయ్" అని అరిచాడొకడు.

లింగన్న సినిమా ఆపాడు.

"పెండ్లాం అటు తిరిగి పండుకుంటె ఎట్లుంటదో చిన్నపిల్లలకు ఏం తెలుస్తదిరా? గందుకే పెద్దోళ్లకు అన్నరు. చూసేటోళ్లు చూడున్రి, లేకుంటె యల్లా, నడువున్రి."

ఒక్కడూ లేవలేదు.

సినిమా అయ్యాక అందరూ ఫోన్లు పట్టుకుని బయటికెళ్లారు, ఇళ్లకు మాట్లాడటానికి. ఆయన ఒక్కడే వైర్లు చుట్టుకుంటూ ఉండిపోయాడు.

"నువ్వు చెయ్యవేంటన్నా?" అన్నాను.

"ఏం మాట్లాడాలె? మందులు తెచ్చుకున్నవా, వానలు వడ్డయా, గంతే. మీ వదిన 'ఆఁ' అంటది, పెట్టేస్తది. కోపమో, అలవాటు తప్పిందో తెల్వదు."

"అయితే వదినకు ఈ సినిమా కథ చెప్పు" అన్నాను, నవ్వులాటకే.

నిజంగానే చెప్పడం మొదలుపెట్టాడు. ప్రతి సెలవు రోజూ మెట్ల మీద కూర్చుని, కొంచెం కొంచెంగా. మొదట్లో వదిన ఊరికే వినేదట. తర్వాత తర్వాత అడగడం మొదలుపెట్టింది. ఆ గుర్రాలకు చలి పెట్టదా? అత్త ఏమన్నది మరి? ఫోన్ పెట్టేశాక ఆయన మొహం చూడాలి, పెళ్లికొడుకే!

వచ్చే నెల ఇంటికి వెళ్లాల్సినవాడు. "ఈసారి ఎదురుంగ కూసొని మాట్లాడుకుంటం" అనేవాడు.

ఆఫీసువాళ్లు ఊరికి కబురు చెప్పారు. నిన్న సాయంత్రం వదినే నాకు ఫోన్ చేసింది. చాలాసేపు ఏడ్చింది. నేనూ ఏడ్చాను.

తర్వాత అడిగింది.

"తమ్మీ, మొన్న చెప్పిన సినిమాల ఆమె పెనిమిటి గనుల పనికి పొయ్యి వాపస్ ఒచ్చిండు గదా. ఆమె మాట్లాడిందా? ఆడిదాకనే చెప్పి ఆపిండు."

ఆ సినిమా నేను చూశాను. మార్చి చెబుదామనుకున్నాను, నోరు రాలేదు.

"మాట్లాడలేదు వదినా. టీ పెట్టి ఇచ్చింది. తెల్లారి అతను మళ్లీ గుర్రమెక్కి వెళ్లిపోయాడు. కనుచూపు దాటాక ఆవిడ బయట నిలబడి, చెప్పాలనుకున్నదంతా ఒక్కతే చెప్పుకుంది."

 

"రేపు ఆయనను నీకు సూపెడతరా?"

"చూపిస్తామన్నారు వదినా."

"ఫోన్ జర ఆయన చెవికాడ వెట్టు తమ్మీ. నేను మాట్లాడేదుంది."

ఇవాళ మధ్యాహ్నం మార్చురీకి వెళ్తున్నాను.

లింగన్నా, వదిన మాట్లాడుతుంది. అంతా విను.

తర్వాత ప్రశాంతంగా పడుకో అన్నా.