వెయ్యికి రెండు తక్కువ

పదిహేడేళ్లు ఆడి వెయ్యి పాయింట్లు కూడా చేయలేనివాడి గురించి రాయడమేమిటని ఎవరైనా అడిగితే, ప్రశ్న న్యాయమైనదే. గద్వాల బాస్కెట్‌బాల్ జట్టులో ఐదారేళ్లకే ఆ అంకె దాటినవాళ్లున్నారు. సుదర్శన్ 1989లో మొదటిసారి బనియను మీద నంబరు కుట్టించుకుని కోర్టులో దిగాడు. 2006 వేసవి నాటికి అతని పేరు మీద ఉన్నవి తొమ్మిది వందల డెబ్బై తొమ్మిది. ఆటకు మూడు, మహా అయితే నాలుగు. సున్నాతో ఇంటికి పోయిన రోజులూ ఉన్నాయి.

అతను పాయింట్ గార్డ్. అంటే బంతిని వెనక నుంచి ముందుకు తెచ్చి, ఎవరికి ఎప్పుడు ఇవ్వాలో చూసి ఇచ్చేవాడు. అది రింగులోంచి పడితే వేసినవాడి పేరు రాస్తారు. ఇచ్చినవాణ్ణి రాయరు. పెద్ద లీగుల్లో దానికీ లెక్క ఉంటుందట. గద్వాలలో స్కోరు రాసేది రిటైరైన డ్రిల్లు మాస్టారు శాంతయ్య ఒక్కడే. పడ్డ బంతులు రాసుకునేసరికే ఆయనకు చెమటలు పట్టేవి.

"స్వార్థం లేని ఆట" అని ఊళ్లో సుదర్శన్‌కు పేరు. ఈ పొగడ్తలో సుఖమేమిటంటే, పొగిడాక ఇంకేమీ ఆలోచించనక్కర్లేదు. అతను ఎందుకు వేయడో పదిహేడేళ్లలో ఒక్కరూ అడగలేదు. అడిగి ఉంటే కారణం గొప్ప గుణంలో కాదు, మగ్గంలో దొరికేది.

గద్వాల చీరకు ఒళ్లు నూలు, అంచు పట్టు. రెండూ కలిసే చోట పోగు పోగునూ పట్టుకోవాలి. అందుకే మగ్గం మీద ఇద్దరుంటారు: నేసేవాడు నడుమ, అంచు చూసే మనిషి పక్కన. నడుమ నుంచి పోగు మోసుకుంటూ నాడె రాగానే పక్కమనిషి తన నాడె పోగును దానికి మెలివేసి, వచ్చినదాన్ని వెంటనే వెనక్కి పంపాలి. ఒక్క రెప్పపాటు చేతిలో ఉంచుకున్నా పోగు బిగుసుకుని అంచు ముడత పడుతుంది. సుదర్శన్ ఏడో ఏట తండ్రి బక్కయ్య పక్కన ఆ చోట కూర్చున్నాడు. బక్కయ్యకు పాఠం చెప్పడం రాదు, మొట్టికాయ వేయడం వచ్చు.

"చేతుల పెట్టుకోని సూస్తవేందిరా? వచ్చింది వచ్చినట్టు పంపు!"

పదేళ్లు ఇదే చదువు. బడిలో శాంతయ్య మొదటిసారి బంతి విసిరినప్పుడు ఆ పిల్లవాడు దాని వంక చూడను కూడా చూడలేదు. చేతికి తగలడం, పక్కవాడి చేతిలో పడటం ఒకేసారి జరిగాయి. మాస్టారు దాన్ని వరం అన్నాడు. పిల్లవాడు కూడా చాలాకాలం అలాగే అనుకున్నాడు.

ఇప్పుడు ముప్పై నాలుగేళ్ల సుదర్శన్ మగ్గం మీద ఎప్పుడో నడుమకు జరిగాడు. పక్కన భార్య ఉమ. గుంట మగ్గం కాబట్టి కాళ్లు గుంటలో, ఛాతీ బట్టకు ఆనుకుని. గదికి ఒకటే కిటికీ, దానికెదురుగా పక్కింటి గోడ. పొద్దున ఏడింటికి గుంటలో దిగితే బయటి నుంచి వచ్చేవి పక్క మగ్గాల చప్పుడు, కుక్కర్ ఈలలు తప్ప ఏమీ ఉండవు. చేనేత మన ఆత్మ అని ఉపన్యాసాలిచ్చేవాళ్లను ఒక్క పూట ఆ గుంటలో కూర్చోబెడితే, మధ్యాహ్నానికల్లా ఆత్మ సంగతి మరిచిపోయి నడుం సంగతి అడుగుతారు. ఉమకు రెండేళ్లుగా నడుము నొప్పి. దవాఖానలో పక్కకు వంగి కూర్చోవద్దన్నారు. అంచు చూసే మనిషి పక్కకు వంగకుండా ఎలా కూర్చుంటుందో మాత్రం చెప్పలేదు.

ఆ ఏప్రిల్‌లో వాళ్ల గడపలోకి ఒక తెల్లచొక్కా మనిషి వచ్చాడు. వనపర్తి దగ్గర కొత్తగా హాస్టలు బడి పెడుతున్న కరస్పాండెంటు.

"శాంతయ్య సారు నీ పేరే చెప్పిండు," అన్నాడు, నిలబడే. "కోచ్‌గ వస్తవా? ఉండేతందుకు ఇల్లు మేమే ఇస్తం. మీ ఇంటామెకు హాస్టల్ల ఏదన్న పని చూస్తం."

ఉమ చేతిలో నాడె ఆగిపోయింది.

"వస్త సార్," అన్నాడు సుదర్శన్. ఆలోచించడానికి ఏమీ లేదు.

"కని ఒక్క మాట. జూన్‌ల అడ్మిషన్లు. కరపత్రం కొట్టియ్యాలె. నీ పాయింట్లెన్ని?"

"తొమ్మిదొందల డెబ్బై తొమ్మిది."

కరస్పాండెంటు మొహం, అద్దె ఇల్లు చూడటానికొచ్చి బోరులో నీళ్లు లేవని విన్నవాడిలా అయింది.

"పదిహేడేండ్లకా? చూడు, నీ ఆట నాకు తెల్వదని కాదు. తల్లిదండ్రులు సదివేది అంకెనే. 'వెయ్యి పాయింట్ల వీరుడు' అని పడాలె. మే నెల వనపర్తిల టోర్నమెంటున్నది గద? అది ఒడిసినంక ప్రెస్సుకిస్త. అప్పటికి వెయ్యి చేసుకో, పోస్టు నీదే. లేకుంటే మీ టీంల రంజిత్ ఉన్నడు, వడ్డేపల్లి పిలగాడు. ఆయనకు వెయ్యి ఎప్పుడో దాటినయంట. ఆయనకైతే ఇంక చెప్పలే, శాంతయ్య సారుకే తెల్సు. నువ్వు గూడ చెప్పకు."

ఆయన జీపు కదిలింది.

"ఇరవయ్యొక్కటి," అంది ఉమ. "మూడాటలు. ఆటకు ఏడు. ఎయ్యరాదా?"

"ఎయ్యొచ్చు."

"ఎయ్యొచ్చు కాదయ్యా, ఎయ్యి. ఒక్కసారి నీకోసం ఆడు. అది గూడ నీకోసం కాదు, నా నడుము కోసం."

సుదర్శన్ ఒట్టేశాడు. ఒట్టు నాలుకతో వేసేదని, బంతి చేతితో వేసేదని అప్పటికి ఇద్దరికీ తోచలేదు.

మే రెండోవారంలో జట్టు బస్సెక్కి కృష్ణ దాటింది. జట్టువాళ్లకు అతను చెప్పింది ఒక్కటే: ఈసారి వెయ్యి చేయాలి, నేనే వేస్తాను. ఉద్యోగం సంగతి చెప్పలేదు. కుర్రాళ్లు ఈలలేశారు. అందరికంటే గట్టిగా ఈలేసింది రంజిత్. ఆరడుగుల రెండంగుళాల మనిషి, పత్తి చేలో పెరిగినవాడు. ఆరేళ్లుగా సుదర్శన్ ఇచ్చిన బంతుల్ని రింగులో వేయడమే అతని ఆట.

"నువ్వు ఎయ్యన్నా, మేం నీకు తెచ్చిస్తం," అన్నాడు.

మొదటి ఆటలో ఎనిమిది పడ్డాయి. ఆటకు ఏడు చాలు, ఒకటి ఎక్కువే. కానీ ఆ ఎనిమిదీ ఎలా పడ్డాయో చూసినవాళ్లకు ఆందోళన కలిగేది. సుదర్శన్ వేయడని పాలమూరు అంతటా తెలుసు కాబట్టి అతనికి ఎవరూ అడ్డం రారు. అతను బంతితో వస్తే ఎదుటివాళ్లు విడిపోయి మిగతా నలుగురినీ పట్టుకుంటారు. ఎదురుగా ఖాళీ, రింగు. మామూలు ఆటగాడికి అది పండగ. అతనికి ఆ ఖాళీలో ఊపిరాడేది కాదు. పదిహేడేళ్లుగా అతని కళ్లు వెతికింది ఖాళీగా ఉన్న మనిషిని. ఇప్పుడు ఖాళీగా ఉన్న మనిషి తానే. తనకు తాను ఎలా ఇచ్చుకోవాలి?

రెండో ఆటలో ఏడు. అందులో ఐదు ఫ్రీ త్రోలు. గీత మీద ఒంటరిగా నిలబెట్టి వేయమంటారు, పాస్ ఇవ్వడానికి ఎవరూ ఉండరు. అందుకే పడ్డాయి. మొత్తం తొమ్మిది వందల తొంభై నాలుగు.

ఆ సాయంత్రం బస్టాండు పక్క ఎస్టీడీ బూత్ నుంచి ఉమకు ఫోను చేశాడు.

"ఇంక ఆరు."

"ఆరంటే మూడు బుట్టలు," అంది ఉమ. "అన్నం తిన్నవా? తిని పండుకో. రేపు ఎవ్వరి దిక్కు సూడకు."

ఫైనల్ నాగర్‌కర్నూల్‌తో. సిమెంటు కోర్టు సాయంత్రం ఐదింటికి కూడా బూట్లలోంచి కాలుతోంది. వాళ్ల పొడుగుమనిషి అంజన్నది తిమ్మాజిపేట, కరెంటు లైన్‌మన్. వెయ్యి సంగతి అతని చెవిన పడింది.

"ఎయ్యన్నా ఎయ్యి! నిన్నెవడు ఆపుతలేడు," అన్నాడు సుదర్శన్ బంతి తెచ్చినప్పుడల్లా. "రింగు అందకుంటే చెప్పు, డ్యూటీ నిచ్చెన తెప్పిస్త!"

జనం నవ్వారు. సుదర్శన్ మొదటి సగంలో ఒకటి వేశాడు, రెండో సగంలో ఒకటి. తొమ్మిది వందల తొంభై ఎనిమిది. కోర్టు అంచున కూర్చున్న శాంతయ్య రెండు వేళ్లు ఎత్తి చూపించాడు. ఆ తర్వాత పది నిమిషాల్లో నాలుగుసార్లు బంతి అతని చేతికొచ్చింది, నాలుగుసార్లూ వేరే చేతికి పోయింది. ప్రతిసారీ రంజిత్ అరిచాడు: "అన్నా, నువ్వు!" ప్రతిసారీ సుదర్శన్ తలూపాడు. ఎదుటివాడు ఎన్నోసార్లు చెప్పిన దారిని మళ్లీ తప్పినవాడు తలూపినట్టు.

ఆఖరి నిమిషం. రెండు జట్లూ సమానం. నాగర్‌కర్నూల్ పిల్లవాడొకడు నిర్లక్ష్యంగా విసిరిన బంతి నేరుగా సుదర్శన్‌కు దొరికింది. కోర్టు నడుమ నుంచి ఒక్కడే పరుగెత్తాడు. వెనక రంజిత్ కుడిపక్క, రంజిత్‌ను అంటిపెట్టుకుని అంజన్న. రింగు కింద ఎవరూ లేరు. రెండడుగులు వేసి బంతిని బోర్డుకు తాకించడమే. పన్నెండేళ్ల పిల్లలు వేస్తారు. సుదర్శన్ మొదటి అడుగు వేశాడు. రెండో అడుగు వేశాడు. పైకి లేచాడు. బంతి అరచేతిలో ఉంది.

అంజన్న, ఎందుకైనా మంచిదని, రంజిత్‌ను వదిలి అర అడుగు ఇటు జరిగాడు.

బంతి పోయింది. సుదర్శన్ నేల మీదికి దిగేసరికి అది రంజిత్ చేతుల్లో ఉంది. ఇంకో క్షణానికి రింగులోంచి కిందికి జారుతోంది. ఆ ఒక్కడికి కాకుండా జట్టులో ఇంకెవరికిచ్చినా ఇంత బాధ ఉండేది కాదు.

గద్వాల గెలిచింది. జనం ముందు రంజిత్‌ను ఎత్తుకున్నారు, తర్వాత సుదర్శన్‌ను ఎత్తుకున్నారు. "త్యాగమంటే గిది!" అని ఎవరో అరిచారు. గాల్లో ఉన్న సుదర్శన్ దించమని అడుగుతుంటే ఇంకా పైకి లేపారు.

తర్వాత నల్లా దగ్గర శాంతయ్య అతణ్ణి పట్టుకున్నాడు.

"ఎందుకిచ్చినవ్ రా సుదర్శనా? నీకు తెల్వదా గాడు ఎవడో?"

"తెల్సు సారు."

"మరి?"

"నేనియ్యలే. అదే పోయింది."

ఇంటికొచ్చాక ఉమ అతను తెచ్చిన గెలుపు కప్పు వంక చూడలేదు. "ఎన్ని?" అంది. అతను చెప్పాడు. ఆమె ఏడవలేదు, తిట్టలేదు. "ఎవనికిచ్చినవ్?" అని అడిగింది. ఆ పేరు విని మాత్రం నవ్వింది. ఆ నవ్వు అతణ్ణి ఏడాదంతా వదల్లేదు. మర్నాడు ఏడింటికి ఇద్దరూ గుంటలో దిగారు.

జూన్‌లో రంజిత్ మిఠాయి పొట్లంతో వచ్చాడు. "కోచ్ పోస్టు నీ పాసులతోనే వచ్చిందన్నా," అన్నాడు, నిజంగానే. అతనికేమీ తెలియదు. తెలియజేసి ఏం లాభం? ఆ తర్వాత ఆదివారాలు ఫోను చేసేవాడు: పిల్లలు బంతి పట్టుకుని వదలట్లేదు, పాస్ ఎలా నేర్పాలి? సుదర్శన్ ఓపికగా చెప్పేవాడు. ఉమ ఆ మాటలు వింటూ అంచు పోగులు సవరించుకునేది.

ఇక ఆడనన్నాడు. కానీ ఊరు ఊరుకోదు. తొమ్మిది వందల తొంభై ఎనిమిది దగ్గర ఆగిపోయిన అంకె అందరికీ పంటిలో ఇరుక్కున్న పీచులా అయింది. మరుసటి మే నెలలో ఒక స్నేహపూర్వక ఆట, దాని వెంట సన్మానం ఏర్పాటు చేశారు. నాగర్‌కర్నూల్ వాళ్లూ ఒప్పుకున్నారు. అతను వేస్తుంటే పక్కకు జరుగుతారు.

"నాకొద్దు సారు," అన్నాడు సుదర్శన్.

"కార్డులు పంచినంరా. శాలువ తెచ్చినం, షామియానా ఏసినం. నువ్వు రాకుంటే మా మొహం ఏడ పెట్టుకోవాలె?" అన్నాడు శాంతయ్య.

వెళ్లాడు. రంజిత్ తన బడి పిల్లల్ని వరసగా కూర్చోబెట్టి, తానే బంతి అందించాడు. అంజన్న నవ్వుతూ తప్పుకుని, పెళ్లివారిని లోపలికి పిలిచినట్టు చెయ్యి చాపాడు. చుట్టూ తొమ్మిదిమంది నిలబడి చూస్తున్నారు. మొదటిది రింగుకు తగిలి బయటపడింది. బంతి తెచ్చి మళ్లీ ఇచ్చారు. రెండోది పడింది. శాంతయ్య రాసుకున్నాడు. వెయ్యి.

వేదిక మీద శాలువ కప్పారు. మే ఎండలో ఉన్ని శాలువ. వక్తలు ఒకరి తర్వాత ఒకరు ఆ పాస్ గురించే మాట్లాడారు. వెయ్యి చేతికందినా జట్టు కోసం వదిలేసిన మహానుభావుడన్నారు. చివరికి రెండు మాటలు చెప్పమని మైకు అతని చేతిలో పెట్టారు. జనంలో ఉమ కూర్చుని ఉంది. అతను ఆమె వంకే చూస్తూ మాట్లాడాడు.

"నేనేం వదిలెయ్యలే. ఆ దినం నేను ఎయ్యాలనే పోయిన. నాకు ఆ రెండు పాయింట్లు శాన అవసరముండె. చెయ్యి మాట ఇనలే. తప్పు జరిగింది, గంతే."

 చప్పట్లు మోగాయి, అంతకుముందు కంటే గట్టిగా. రంజిత్ లేచి నిలబడి కొడుతున్నాడు, అతని పిల్లలూ లేచారు.

"చూసిండ్రా! వినయమంటే గిట్లుంటది!" అన్నాడు సభాధ్యక్షుడు, మైకు లాక్కుని.

సుదర్శన్ ఇంకోసారి చెప్పబోయాడు. కానీ మైకు అప్పటికే ఇంకో వక్త దగ్గరికి వెళ్లిపోయింది.