మోచేతిదాకా నెర్రె

ఏప్రిల్ మొదటి వారం. పగలు పదకొండు గంటలకు ఒక ఆఫ్రికా పట్టణంలో ట్రక్కు దిగాం. ఎండ నలభై రెండు డిగ్రీలు. యుద్ధంలో కాలిపోయిన పట్టణం అది. శాంతి దళంతో వెళ్లిన ఇంజనీర్ల ప్లాటూన్ మాది. కొలతలు చూసే నాయక్‌ను నేను. కాలి కింద నల్లరేగడి నేల. పర్చూరు దగ్గర మా పత్తి చేలో ఉన్నదే.

తిరిగివచ్చిన జనం తమ ఇళ్లకంటే ముందు కాన్పుల గది కట్టుకోదలిచారు. ఇటుకలు వాళ్లు కాల్చినవి. సిమెంటు, కొలతలు మావి. వానలకు ఆరు వారాలుంది. పునాది మూడడుగులని ఆదేశం.

మా నాన్న బడి ముఖం చూడలేదు. అయినా వానకు ఉబ్బి ఎండకు నెర్రెలిచ్చే రేగడిలో, అడుగున కదలని సుద్దమట్టి తగిలేదాకా తవ్వనిదే గోడ లేపనిచ్చేవాడు కాదు. ఆ మాటే రేడియో ఆపరేటర్ సుభానితో అన్నాను. అతనిది బాపట్ల.

"ఒరేయ్, నాకు చెప్తే పునాది దిగుద్దా? వెళ్లి కెప్టెన్ గారికి చెప్పు."

"డ్రాయింగ్‌లో మూడే ఉందిరా."

"డిగ్రీ చదివినోడివి. కాగితం తప్ప నేల కనపడదులే నీకు!"

చెప్పలేదు. మా ఇంట్లో మొదటి పట్టభద్రుణ్ణి నేను. అచ్చులో ఉన్నదాన్ని కాదనే ధైర్యం నాకు లేకపోయింది.

మరునాడు మూడడుగుల గొయ్యి తవ్వాక, ఇటుక బట్టీ చూసే పెద్దావిడ నేల నెర్రెలోకి మోచేతిదాకా చేయి దించింది. ఆమె కోడలికి ఎనిమిదో నెల. దుభాషి చేత అడిగించింది: "మావి గడ్డి ఇళ్లు నాయనా, పునాదుల సంగతి మాకు తెలియదు. మూడడుగులు చాలునా?"

"చాలునమ్మా."

మే నెలలో, గోడలు లేచాక, వానలు మొదలయ్యాయి. మూడో రోజు ఉదయం ఆరింటికి సెట్‌లో సుభాని గొంతు: "తూర్పు గోడ విచ్చింది. త్వరగా రా." చీలికలో నా నాలుగు వేళ్లు పట్టాయి. అప్పుడు కెప్టెన్ గారికి అంతా చెప్పాను.

"ముందే తెలుసా నీకు?"

"తెలుసు సర్."

పట్టణమంతా వరుసకట్టి నిలబడి ఇటుక ఇటుకా విప్పింది. ఎవరూ నన్ను తిట్టలేదు. పెద్దావిడ పలుగు తెచ్చి నా చేతికిచ్చింది. ఆరడుగుల లోతున సుద్ద తగిలింది. ఈలోగా కోడలు వానలో, టార్పాలిన్ కింద ప్రసవించింది. తల్లీబిడ్డా బతికారు. అందులో నా గొప్ప ఏమీ లేదు.

కొత్త పునాది నేలమట్టానికి వచ్చేసరికి మా గడువు ముగిసింది. ఆ గోడలు లేవడం నేను చూడలేదు.

ఇప్పుడు సైన్యం వదిలి మా ఊళ్లోనే ఉంటున్నాను. ఎవరు పునాది తవ్వినా గోతిలోకి దిగుతాను. సుద్ద చూసేదాకా నిలకడ ఉండదు. వేసవిలో మా చేను నెర్రెలు విచ్చిందంటే ఆ పెద్దావిడే కనిపిస్తుంది. చాలునన్న నా మాట విని, నెర్రెలోంచి చేయి తీసి, మట్టయినా దులుపుకోకుండా మొదటి ఇటుక అందుకుంటూ.