ఐరేని కుండలో సున్నపు గింజ

నా చిన్నప్పుడు మా పక్కింటి అక్క పెళ్ళిలో ఒక కుండ పగిలింది. ఆ కుండ మా ఇంట్లో తయారైంది. తప్పు మాది, నింద మాత్రం అక్క మీద పడింది. ఆ నిందను తీసేయగల మనిషి మా ఇంట్లోనే ఉన్నాడు. ఆయనకు సంగతి తెలుసు. అయినా నెలల తరబడి నోరు మెదపలేదు. ఆయన మా తాత.

ఇంత పచ్చిగా రాస్తే మావాళ్ళకు కోపం వస్తుందని తెలుసు. రానివ్వండి. ఈ వయసులో ఎవరి కోపానికి భయపడాలి?

మాది పానగల్లు దాటి కాస్త లోపలికి పోతే వచ్చే ఊరు. మేము కుమ్మరులం. పక్కిల్లు వ్యవసాయదారులది, రెండిళ్ళకూ నడుమ గోడ ఒక్కటే. ఆ ఇంటి పెద్దకూతురే అక్క. మా అమ్మ మన్ను తొక్కుతుంటే నన్ను చంకన వేసుకొని ఊరంతా తిప్పింది ఆమే. మన్ను పూసుకొని తిరుగుతానని నన్ను మన్నుపిల్లగాడు అని పిలిచేది.

మా దిక్కు పెళ్ళంటే ముందు ఐరేని కుండలు. పెళ్ళివారి ఆడవాళ్ళు డప్పులతో కుమ్మరి ఇంటికి వస్తారు. కుండలు చేసే సారెకు పసుపు కుంకుమలు పెట్టి, మాకు బియ్యం, బెల్లం ఇచ్చి, సున్నం, ఎర్రటి జాజు పూసిన కుండలను నెత్తిన పెట్టుకొని తీసుకుపోతారు. పందిట్లో వాటి ముందు దీపం పెట్టి మొక్కుతారు. ఆ కుండకు బీట పడిందా, పెళ్ళికూతురి పాదం మంచిది కాదంటారు. మన్ను తవ్వింది మగవాడు, కుండ కాల్చింది మగవాడు, పగిలితే మాత్రం ఆడపిల్ల పాదం! ఇదెక్కడి న్యాయమో అప్పుడూ తెలియలేదు, ఇన్ని పుస్తకాలు చదివాక కూడా తెలియలేదు.

మా తాత చెరువు మన్నులో ఎర్రమన్ను, సన్న ఇసుక కలిపేవాడు. ఏది ఎంత అనేది ఆయన చేతికి తెలుసు. ఆ ఏడు వానలు ముందే పడి చెరువు నిండింది. మన్ను అందలేదు. శ్రావణంలో పెళ్ళి పెట్టుకున్నారు కాబట్టి వాగొడ్డున తవ్వి తెచ్చాడు. ఆ ఒడ్డు మన్నులో తెల్లటి సున్నపు రాతి గింజలు ఉంటాయి. జల్లెడ పట్టి ఏరేయాలి. ఆ పని మా అవ్వది. అవ్వ జ్వరంతో పడుకుంది. తాత తొందరలో పైపైన జల్లించి ఎర్రమన్నులో కలిపేశాడు.

సున్నపు గింజ ఉన్న కుండ కాల్చే ఆవంలో పగలదు. నిగనిగలాడుతూ బయటికి వస్తుంది. లోపల గింజ మాత్రం కాలి సున్నమై ఉంటుంది. తర్వాత గాలిలోని తడి పీల్చుకొని ఉబ్బుతుంది. చుట్టూ ఉన్న మన్నుకు ఆ ఉబ్బు పట్టదు. ఏదో ఒక పూట, ఎవరూ ముట్టుకోకుండానే, కుండ చీలిపోతుంది.

అక్క ఇంటివాళ్ళు కుండలు తీసుకుపోయిన మర్నాడు పొద్దున మా ఇంట్లో, అదే ఆవంలో కాలిన నీళ్ళకుండ టప్పుమని పెచ్చు రాలింది. తాత ఆ గుంటలో వేలు పెట్టి తెల్లగింజను తీసి, ఉమ్మి తడిపి నలిపాడు. పిండైపోయింది. నేను పక్కనే ఉన్నాను. ఆయన ముఖంలో రంగు పోయింది. గోడ అవతల మేళం మోగుతోంది. ఆయన లేచి గోడ దాకా పోయి, నిలబడి, తిరిగి వచ్చి కూర్చున్నాడు. పెళ్ళినాడు కుండలు మార్చండని ఏ నోటితో చెప్పాలి అని అవ్వతో గొణిగాడు. అంతే.

ఆ సాయంత్రం అక్క దీపం పెట్టి వంగి మొక్కుతుండగా ముందు వరుసలోని కుండ మూతి నుంచి నడుము దాకా చీలింది. నిండా పోసిన బియ్యం జలజలా నేల మీదికి కారాయి. డప్పులు ఆగిపోయాయి. మగపెళ్ళివారిలో ఒక ముసలమ్మ గట్టిగానే అంది, "ఏం కాళ్ళే నీయి! కుండ కూడ ఆగలే." నవ్వినవాళ్ళూ ఉన్నారు. మా తాత పందిరి గుంజను పట్టుకొని నిలబడ్డాడు. నోరు తెరుస్తాడని నేను ఎదురు చూశాను.

పెళ్ళయితే ఆగలేదు. అక్క అత్తగారింటికి పోయింది. అక్కడ బర్రె ఈనక చచ్చినా, బావి గిరక విరిగినా ఆ కుండనే తలచుకొన్నారట. బతుకమ్మ పండగకు పుట్టింటికి పంపినవాళ్ళు మళ్ళీ పిలవలేదు. మంచి పాదం ఉన్న పిల్లను చూసుకుంటామని కబురు పెట్టారు. అక్క తండ్రి అరుగు మీద కూర్చోవడం మానేశాడు. అక్క మాత్రం గోడ మీద నుంచి మా అమ్మతో ముచ్చట్లు పెట్టేది, పకపకా నవ్వేది. "ఏడ్వరాక నవ్వుతాంది బిడ్డ," అని మా అవ్వ కళ్ళు తుడుచుకొనేది. ఆ నవ్వు వినబడినప్పుడల్లా మా తాత సారె ఆపేసేవాడు.

మరి ఎందుకు చెప్పలేదు? ఎందుకంటే కోతలు కాలేదు. ఊళ్ళో రైతులందరి కల్లాల దగ్గరా కుమ్మరికి ఏడాదికొకసారి ధాన్యం మేరగా ఇస్తారు. మా తిండి అదే. పెళ్ళికుండలో చెడ్డమన్ను కలిపినవాడని తెలిస్తే మేర ఇస్తారా? అవ్వ ఒకరాత్రి అడిగింది, తాత ధాన్యం పోసే గుమ్మి వైపు చూపించాడు. గుమ్మి ఖాళీ. తిట్టలేకపోయింది. మేమంతా ఆకలిగల పిల్లలం.

కల్లాలు లేచాయి, మేర వచ్చింది, గుమ్మి నిండింది. ఆ వారంలోనే తాత అటక మీద నుంచి ఒక కుండ దించాడు. అదే ఆవంలోది, పొయ్యి వేడికి పొడిగా ఉండాలని అంతకాలం అక్కడే దాచాడు. గడ్డిలో పెట్టి గంపకెత్తి, నన్ను వెంటబెట్టుకొని అక్క అత్తగారి ఊరికి నడిచాడు. కుండ మీద ఆడపిల్ల నీడ కూడా పడలేదని చెప్పడానికి సాక్షి కావాలిగా, ఆ సాక్షి నేను.

వాళ్ళ వాకిట్లో కుండను తడిగోనెలో చుట్టి కూర్చున్నాడు. అత్తగారు బయటికి వచ్చింది. "ఏం కుమ్మరాయినా, మా ఇంట్ల కుండలు ఉన్నయి గని, నువ్వు గుడ్లు పొదుగుతున్నవా?" అంది. వాకిట్లో ఉన్నవాళ్ళు నవ్వారు. "జర ఆగుండ్రి పటేలమ్మా," అన్నాడు తాత. పొద్దు నెత్తి మీదికి వచ్చింది, వాలింది. ఎవరూ నీళ్ళు ఇవ్వలేదు. నేను ఆకలికి ఏడుపు మొదలుపెట్టబోతుండగా గోనెలో టప్పుమంది. తాత గోనె విప్పాడు. కుండ పొట్ట మీద పెచ్చు లేచి, నడుమ తెల్లని చుక్క, చుట్టూ బీటలు.

"సూడుండ్రి పటేలా," అన్నాడు మామగారితో. "గీ కుండను ఏ పిల్ల ముట్టలే, మొక్కలే. గీ తెల్లగింజ నా చేతులకెళ్లి వచ్చింది. మన్ను నేను గట్ల కలిపిన. మీ కోడలు పాదం మంచిదే. తప్పు నాది."

మామగారు పెచ్చును వేళ్ళతో తిప్పి చూశాడు. "మరి ఇన్నొద్దుల సంది ఏడున్నవ్?" అని అడిగాడు.

తాత గోనె మడిచి గంపలో పెట్టుకున్నాడు. నాకు తెలుసు జవాబు. పొద్దున నేను తిని వచ్చిన అన్నమే ఆ జవాబు.

తిరిగి వచ్చేటప్పుడు వాగు దగ్గర కూర్చొని ముఖం కడుక్కున్నాడు. "చెప్పిన రా," అన్నాడు. "చెప్పాల్సిన పొద్దున చెప్పలే. కడుపు నిండినంక చెప్పిన. గా రెండు ఒకటి గావు. యాదిల పెట్టుకో." కొన్నాళ్ళకు అక్క కోసం బండి వచ్చింది. మూటలు ఎక్కించారు. మా గోడ వైపు చూడకుండా ఎక్కి కూర్చుంది. బండి మలుపు తిరిగేదాకా తాత చేతులు జోడించే ఉన్నాడు. తర్వాత చాలా ఏళ్ళు ఊళ్ళో పెళ్ళికుండలు వేరే ఊరి కుమ్మరి దగ్గరే తెచ్చుకున్నారు. తాత దానికి నొచ్చుకోలేదు.

నేను యాదిలో పెట్టుకున్నాను. బడికి పోయింది తక్కువ, సంతలో కుండల పక్కన కూర్చొని చదువుకున్నది ఎక్కువ. తప్పు కనబడితే ఆ పూటే అనేయడం అలవాటైంది. దానివల్ల స్నేహితులు తగ్గారు, సర్పంచులు ముఖం తిప్పుకున్నారు. రాష్ట్రం వచ్చాక మన పద్ధతులు మనవే అని కుర్రవాళ్ళు మళ్ళీ ఐరేని కుండలు ఎత్తుకొని ఫోటోలు దిగుతున్నారు, సంతోషమే. కానీ మొన్నామధ్య కులపోళ్ళ సభలో మా తాత కథ చెప్పి, సత్యానికి ప్రాణమిచ్చిన మనిషి అని చప్పట్లు కొట్టించారు. నాకు ఒళ్ళు మండింది. గుమ్మి నిండేదాకా ఆగిన సత్యమది. ఆ ఆగిన కాలమంతా ఒక ఆడపిల్ల పుట్టింట్లో తలవంచుకొని ఉంది. ఆ మేర గింజలతో పెరిగిన ఒళ్ళు నాది. లేచి ఆ మాటే అన్నాను. కూర్చోబెట్టారు.

పోయిన వానకాలం ఆ ఒంటికే నీరసం వచ్చి నల్లగొండలో ఒక దవాఖానకు పోయాను. పడుచు డాక్టరు నెత్తురు పరీక్ష చూసి పక్కనున్న అమ్మాయితో బ్లడ్ డిస్క్రేసియా అన్నాడు. అంటే ఏమిటని అడిగాను. "పెద్ద మాట తాతా, నీకెందుకు, గోలీలు ఏసుకో," అన్నాడు. "నెత్తురు నాది బిడ్డా, నాకు గాక ఎవలకు చెప్తవ్?" అన్నాను. నవ్వి, మాటను విడివిడిగా పలికి చెప్పాడు. ఇంటికి వచ్చి నా పాత నిఘంటువులు తీశాను.

అది గ్రీకుల మాట. చెడు కలయిక అని అర్థం. ఒంట్లో నాలుగు ద్రవాలుంటాయనీ, అవి తగిన పాళ్ళలో కలిస్తే ఆరోగ్యం, కలయిక చెడితే రోగమనీ పాతకాలపు వైద్యులు నమ్మేవారట. మన వాతపిత్తకఫాల లాంటిదే. ఆ నమ్మకం పోయింది, మాట మిగిలింది. ఇప్పుడు నెత్తురు జబ్బుల పక్కన తప్ప పెద్దగా వాడరు. నాకు మా తాత కలిపిన మన్ను గుర్తొచ్చింది. మన్ను చెడ్డది కాదు, సున్నం చెడ్డది కాదు, కలపడమే చెడ్డది. ఎవరి పాదానికీ సంబంధం లేదని చెప్పే మాట ఒకటి ఎక్కడో దూరదేశంలో ఎప్పటినుంచో ఉంది. అక్కకు చెప్పాలనిపించింది. మేర సంగతి కూడా చెప్పాలి. అది ఆమెకు ఎవరూ చెప్పలేదు.

అక్క ఇప్పుడు నందికొండలో కొడుకు దగ్గర ఉంటుంది. బస్సెక్కి పోయాను. వాకిట్లో కూర్చొని చింతచిగురు ఏరుతోంది. కళ్ళకు చెయ్యి అడ్డం పెట్టుకొని చూసి, "ఎవలు, మన్నుపిల్లగాడా? నోట్ల పండ్లు ఏడ పారేసుకొచ్చినవ్ రా?" అంది. "నీకంటె నాలుగు ఎక్కువే ఉన్నయక్కా," అన్నాను. ఇద్దరం నవ్వాము.

తర్వాత చెప్పాను. వాగొడ్డు మన్ను, పొద్దున్నే రాలిన పెచ్చు, గుమ్మి, మేర, అన్నీ. నెత్తురు జబ్బు పేరు కూడా చెప్పాను. "ఆ మాట నాకెందుకు గని, నీ ఒంట్ల ఎట్లున్నది?" అంది. బాగానే ఉందన్నాను. మా కడుపుల కోసం నిన్ను అన్ని నెలలు నింద కింద ఉంచాము అక్కా, మా తాత తరఫున నేను అడుగుతున్నాను, క్షమించు అన్నాను. ఆమె చిగురు ఏరడం ఆపింది. నేను ఊహించుకొని పోయిన జవాబులు రెండే, క్షమించానని ఒకటి, క్షమించనని ఒకటి. ఆమె చెప్పింది ఆ రెండూ కాదు. తాత మాట దించేసి, అప్పటి నుంచి నేను మోస్తున్నది ఇదే:

"ఆలస్యమైందని ఏడుస్తున్నవా తమ్మీ? గా నెలలే రా నేను బతికింది. ఆ ఇంట్ల కొట్టిన దెబ్బలకు పక్క మీద ఒరగనీకి రాకపోయేది. కుండ పేరు జెప్పి పంపిస్తె, బతికిన దేవుడా అని మా బాపు ఇంట్ల వడ్డ. మీ తాత ముందు జెప్తె ఏంది, ఎనక జెప్తె ఏంది? గా ఊరికి పొయ్యే ముందు, గోడవతలనే ఉన్న గదా, నన్ను ఒక్కమాట అడగొద్దా, పిల్లా, నీకు మళ్ళ గా ఇంటికి పోవాలెనని ఉన్నదా అని?"