దావ కోసం దావా

మా సీమలో దారిని దావ అంటారు. ఆ దావ కోసమే నేను పెనుకొండ కోర్టులో దావా వేశాను. ఈ రెండు మాటలకూ తేడా ఏమిటో మా అవ్వ తెలుసుకోనూ లేదు, తెలుసుకోవాలనుకోనూ లేదు.

నాయన పోయాక చిన్నాయనకూ నాకూ చెడింది. మా బావికి పోయే దావకు ఆయన అడ్డంగా కంప కొట్టేశాడు. ఎద్దులు పోనిదే నీళ్లు తోడే కపిల తోలలేం, కపిల తోలనిదే మిరపకు నీళ్లు లేవు. చేను వాడిపోతోంది. అవ్వకు ఆయన కొడుకు, నేను మనవడు. కొడుకు చేతి ముద్ద ముట్టడం మానేసింది.

వాయిదా నాడు అవ్వ కూడా నా వెంట వచ్చింది. చిన్నాయన తరఫు వకీలు మా కాగితం చదివి ఒకటే నవ్వు. 'మాది తూర్పు వంక బావి' అని నేను చెప్పి ఉన్నాను. తూర్పు వంక మా వాగు పేరు. మా వకీలు గుమాస్తాది కోస్తా. వాళ్లకు వంకంటే వైపు. చేనికి తూర్పు వైపు బావి అని ఇంగ్లీషులో రాసిపారేశాడు. అక్కడున్నది చిన్నాయన సొంత బావి! ఆయన బావి నాదని ఆయన మీదే దావా వేశానన్నమాట. ఏడవాల్సింది పోయి నాకు నవ్వు తన్నుకొచ్చింది.

"వాపసు తీసుకుందాం. మళ్లీ వేసుకోమని మున్సిఫు గారు అనుమతిస్తే బతికాం, లేకుంటే ఇంతే," అని మా వకీలు నా చెవిలో చెప్పి లేచాడు.

వాపసు అన్న మాట చెవిన పడిందే చాలు, చిన్నాయన ఆగలేదు. "గెలిచినాం!" అంటూ హిందూపురం బస్సుకు పరుగెత్తాడు. ఆయన గడప దాటాక మున్సిఫు గారు, "సరిచేసి మళ్లీ దాఖలు చేసుకోవచ్చు," అన్నారు. సంతోషం పట్టలేక నేను ఆ గుమాస్తానే వాటేసుకున్నాను.

మేము ఊళ్లో బస్సు దిగేసరికి తప్పెట్లు మోగుతున్నాయి. చిన్నాయన అందరికీ బెల్లం పంచుతూ నన్ను చూశాడు.

"ఏమబ్బా, ఓడిపోతే మాత్రం మిరపచెట్లేం పాపం చేసినాయి? పొద్దున్నే కంప తీపిస్తా, ఎద్దుల్ని తోలుకో పో."

నేను నోరు తెరవబోతే అవ్వ నా మోచేయి గిల్లింది. "అవునప్పా, ఓడినాం," అని కొడుకు ముందు చెయ్యి చాచి బెల్లం తీసుకుని నోట్లో వేసుకుంది.

గుమాస్తా వంకను వాగని దిద్ది కొత్త దావా రాశాడు. నేను దాన్ని దాఖలు చేయనే లేదు. దావ తెరిచే ఉంది, ఆ ఏడు మిరప విరగకాసింది.

అవ్వ పోయిన చాలాకాలానికి, నువ్వు గెలవనే లేదని చిన్నాయనకు నవ్వుతూ చెప్పాను.

"వకీలు ఆ వారమే చెప్పినాడు లేరా," అన్నాడాయన. "అమ్మ ఎన్నాళ్లకో నా చేతి బెల్లం తినింది. ఇంక కంప ఎట్ల వేసేది?"